హిందీ గొంతు

సర్కారోళ్లు సిరిసిల్ల మీద తీసిన సినిమాను ఆ పొద్దు ఫంక్షన్ హాలుల వేసిండ్రు. కొత్త మగ్గాలు వచ్చి నేతగాళ్ల బతుకు బాగుపడ్డదని సినిమా.

తెర మీద నేను కనబడంగనే పక్కన కూసున్న మా తమ్ముడు లక్ష్మీరాజం మోచేత్తో పొడిచిండు. "అక్కా, హీరోయిన్‌వైనవ్ పో!"

కెమెరా ముందు నేను చెప్పిన మాటలు బయటికి రాలేదు. వాటి మీద ఎవరిదో హిందీ గొంతు పెట్టిండ్రు. మనసులనే రాజన్న దేవునికి దండం పెట్టుకున్న.

నా షెడ్డుల కొత్త మగ్గాలు దిగిన నాడే, ఇంతమంది అక్కర లేదని తమ్మున్ని పనికి రావద్దన్నది నేను.

బయట చెప్పులు తొడుక్కుంట వాడే ముచ్చట తీసిండు. "సినిమాల 'కొత్త మగ్గం మా తమ్ముడే నడుపుతున్నడు' అన్నవ్ గదా?"

"నీకెట్ల ఎరుకరా?"

"మగ్గాల సప్పుడుల ఎవని మాట ఎవనికి వినబడ్డది అక్కా? ఇన్నేండ్లు పెదాలు చూసుకుంటనే మాట్లాడుకున్నం." నవ్విండు. "రేపు పొద్దుగాల వస్త. నా మగ్గం ఏదో చూపియ్యి."

ఏదో ఒకటి చెప్పాలనుకున్న. వాడు నా పెదాల దిక్కే చూస్తున్నడు.