తిక్కయ్య చేలో గరిక

పత్తిచేను గట్టు మీద నిలబడి తిక్కయ్య ఒక గరిక పోచను కొడుకు ముఖం ముందు ఆడించాడు. పోచ పచ్చగా నవనవలాడుతోంది.

"పొయిన వారమే కదరా మందు కొడితివి. ఇది సచ్చిన గడ్డి మాదిరి ఉండాదా?"

ఈరేష్ నీళ్ళు నమిలాడు. అంతకుమించి నమలడానికి అతని దగ్గర ఏమీ లేదు. ఆ రోజు ట్యాంకు వీపుకు తగిలించుకుని చేనంతా తిరిగి కొట్టింది ఉత్త నీళ్ళు. ఆదోనిలో కాశప్ప అంగడి నుంచి తెచ్చిన మందు సీసా మూతైనా తీయకుండా కొట్టంలో కందికట్టె వెనకాల పడి ఉంది. అంతకు ముందు తెచ్చిన సీసా కూడా దాని పక్కనే ఉంది.

మందు మంచిదే. పత్తి ఆకు జోలికి పోదు, గడ్డిని మాత్రం వేరుదాకా ఎండగొడుతుంది. ఈరేష్ భయమంతా అదే. గడ్డి చస్తే కలుపు తీసే కూలీలను పిలవరు. కూలీలను పిలవకపోతే నాగవేణి రాదు.

నాగవేణి పెద్దకడుబూరు వైపు పిల్ల. కమలమ్మ గుంపుతో కలిసి ఆటోలో వస్తుంది. అందరూ ముందుకు సాగిపోతే తాను మాత్రం చివరి సాలు పట్టుకుని వెనకాలే మిగిలిపోతుంది. ఆ చేలో కనపడిన ప్రతి మగవాణ్ణీ నోరారా అన్నా అని పిలిచే ఆ పిల్ల, ఈరేష్‌ను మాత్రం ఏమీ పిలవకుండానే నెట్టుకొస్తోంది. నీళ్ళు కావాలన్నా బిందె వైపు చూస్తుందే తప్ప పేరెత్తదు. ఆ ఒక్క పిలవకపోవడాన్ని పునాది చేసుకుని మన ఈరేష్ పెద్ద మిద్దె కట్టేసుకున్నాడు. లోపలికి పోయి కాపురం కూడా పెట్టేశాడు.

తిక్కయ్య గోడు ఇంకా తెగలేదు. ఎద్దులతో గుంటక తోలితే తెగిన ప్రతి ముక్కా మళ్ళీ వేరు తొడిగిందన్నాడు. వేరుతో పెరకమని ఆడవాళ్ళకు మొత్తుకుని చెప్పినా వారం తిరక్కుండా లేచి కూర్చుందన్నాడు. ఎక్కడో ఒక మూల మిగిలితే చాలు, చేనంతా పాకే జాతి అది. పత్తి మోకాలెత్తు దాటలేదు, ఆకు పసుపు తిరుగుతోంది, ఇక ఈ ఏటి పంట గరికకే మేత అని గట్టు మీద కూలబడ్డాడు. ఆ మాట అంటున్నప్పుడు అతని గొంతు జీరబోయింది.

"మందులో దోసమో, నీ సేతిలో దోసమో," అంటూ లేచాడు. "కాశప్పను అడిగి ఇంగో మందు తెస్తా. రేపు నేనే కొడతా."

బండి ఎక్కి ఆదోని దారి పట్టాడు. తండ్రి చేయి పడితే గరిక బతకదని ఈరేష్‌కు తెలుసు. అంటే, నాగవేణి ఈ చేలోకి రావడం ఈ పూటతో సరి.

కాసేపటికి ఆటో వచ్చింది. ఆ రోజు ఎండ పొడ లేదు. కొండల మీది మబ్బు నిదానంగా దిగి వచ్చి చేనంతా నీడ పరిచింది. తుంపర పడీ పడనట్టు పడుతోంది. తడిసిన నల్లరేగడి వాసనకు ఈరేష్‌కు ఒళ్ళు తేలిపోతున్నట్టయింది. ఆడవాళ్ళు సాళ్ళు పట్టి వంగారు. ఎప్పటిలాగే నాగవేణి చివరి సాలులో మిగిలిపోయింది, ఈరేష్ దాని పక్క సాలు పట్టాడు. దూరం జరిగేకొద్దీ వాళ్ళ పాట పలచబడి, అది పాటో గాలో తెలియకుండా పోయింది. నిన్న లేతపసుపుగా విచ్చిన పత్తిపూలు ఈ పొద్దుకు గులాబిరంగు తిరిగి ఉన్నాయి. లోకం మొత్తం ఈ రెండు సాళ్ళ మధ్యకే వచ్చి ఆగిందనీ, ఇక్కడే ఇలాగే ఉండిపోవచ్చనీ అనిపించింది అతనికి.

కానీ తన సాలులో వంగితే కనపడింది పత్తి చెట్టు. గరిక చుట్టూ అల్లుకుని దానికి ఊపిరాడనివ్వడం లేదు. తండ్రి జీరగొంతు గుర్తుకొచ్చి ఈరేష్‌కు సిగ్గేసింది. తన మురిపానికి ఇంటి పంటను పణం పెట్టాడు. నాగవేణికి చెప్పి తీరాలి. చెప్పాక ఆ పిల్ల నవ్వి పోయినా సరే, నలుగురికీ చెప్పి పరువు తీసినా సరే.

"రేపు మా నాయన మందు కొడతాడు," అన్నాడు తల ఎత్తకుండా. "ఈ సారి గరిక సస్తాది. మిమ్మల్ని మళ్ళా పిలిసే పని ఉండదు."

నాగవేణి కొడవలి నెమ్మదించింది.

"ఇన్నాళ్ళూ నేను కొట్టింది మందు కాదు, ఉత్త నీళ్ళు. గడ్డి ఉంటేనన్నా నువ్వు వస్తావని."

కొడవలి ఆగిపోయింది. ఆమె తల తిప్పి కమలమ్మ గుంపు ఎంత దూరంలో ఉందో చూసుకుంది. తుంపరకు తడిసిన కొంగు ముఖం మీదికి లాక్కుంది. ఆ తర్వాత మొదటిసారిగా అతని కళ్ళలోకి నేరుగా చూసింది.

"దాన్ని నువ్వు ఒక్కనివే బతికించినావనుకుంటివా? నేను మట్టుకు ఇన్నాళ్ళూ కొసలు కోస్తినే గానీ, ఒక్క వేరన్నా పీకినానా?"