కంటి కింద పుట్టుమచ్చ

కృష్ణమోహన్ పర్సులో ఆడమనిషి ఫొటో ఉంది. అది ఉషది కాదు.

నిజానికి ఫొటో కూడా కాదు, బొటనవేలి గోరంత ఫిల్ము ముక్క. లైటుకి పెట్టి చూస్తే తల మీద ముసుగు, కాటుక కళ్ళు, ఎడమ కంటి కింద పుట్టుమచ్చ.

“ఎవరీవిడ?”

“హీరోయిన్! ల్యాబ్‌లో రిపేర్ చేస్తున్నానే, ఈజిప్టు మూకీ సినిమా, అందులో. తెగిపోయిన ముక్క.” కృష్ణమోహన్ తడబడలేదు సరికదా, మొహం వెలిగిపోయింది. “ఆ కళ్ళు చూశావా అసలు?”

ఉషకి ఒళ్ళు భగ్గుమంది. పెళ్ళయిన ఆరేళ్ళలో తన కళ్ళ గురించి ఈ మనిషి అన్నది ఒకే ఒక్క మాట. ‘ఎర్రగా ఉన్నాయి, డ్రాప్స్ వేసుకో.’

లాస్ ఏంజెలెస్‌లో ఒక యూనివర్సిటీలో పాత ఫిల్ములు బాగుచేసే ఉద్యోగం అతనిది. ఈ సినిమా తీసినాయన రిఫాత్ నజీబ్, కైరోలో మొదటితరం నటుడు, దర్శకుడు. వచ్చే నెల, 1981 మేలో, ఆయనకి ఈ యూనివర్సిటీలోనే సన్మానం. పేర్లు ఉండే మొదటి రీలు ఎప్పుడో పాడైపోయింది. ఎవరు ఏ వేషం వేశారో ల్యాబ్‌లో ఎవరికీ తెలీదు.

“సినిమాలో హీరో, ఆ పడవవాడు, నజీబ్‌గారే అయ్యుంటారు. అదృష్టవంతుడు! సినిమా అంతా ఆవిడ పక్కనే” అన్నాడు కృష్ణమోహన్, అన్నం కలుపుకుంటూ.

మర్నాడు ఉష కళ్ళకి దట్టంగా కాటుక పెట్టింది. పైట తల మీదికి లాక్కుంది. ఎడమ కంటి కింద కాటుకతో ఓ చుక్క కూడా పెట్టుకుని ఎదురుగా నిలబడింది.

“దిష్టిచుక్కా?” అన్నాడు అతను, కార్ కీస్ వెతుక్కుంటూ.

ఉష ఏడ్చింది. చుక్క చెంపంతా పాకింది.

వారం తిరక్కుండా కైరో నుంచి ఎయిర్‌మెయిల్ కవరు వచ్చింది. రాసింది దర్శకుడే. “మా హీరోయిన్‌ని ఒక్కసారి చూడాలని ఉందన్నారు. సంతోషం. సన్మానానికి నేనెలాగూ వస్తున్నాను. అక్కడే చూపిస్తాను.”

అంటే, మొగుడుగారు పనిగట్టుకుని ఉత్తరం రాశారన్నమాట!

ఉష హ్యూస్టన్‌లో ఉన్న నళినక్కకి ఫోన్ చేసింది. “ఆయన మనసు నా దగ్గర లేదక్కా, ఆ మూకీ సినిమా హీరోయిన్ దగ్గరుంది. నీ దగ్గరికి వచ్చేస్తున్నాను. ఆదివారం ఫ్లైట్ బుక్ చేశాను.”

“పిచ్చిమొహమా, ఆవిడకి ఈపాటికి డెబ్భై దాటుంటాయే!”

“ఆయన రోజూ ఎనిమిది గంటలు చూసేది డెబ్భై ఏళ్ళావిణ్ణి కాదుగా! శనివారం సన్మానంలో ఆ మహాతల్లిని నాలుగు మాటలు కడిగేసి మరీ వస్తా.”

శనివారం వచ్చింది. ఉష పెళ్ళిపట్టుచీర కట్టింది. సూట్‌కేసు అప్పటికే కార్ డిక్కీలో ఉంది.

సన్మానం జరిగే హాలు గుమ్మంలో కృష్ణమోహన్ గులాబీల గుత్తి పట్టుకుని నిలబడ్డాడు. ఇంటికి ఏనాడూ ఒక్క పువ్వు తెచ్చిన పాపాన పోలేదు.

కారొచ్చి ఆగింది. నజీబ్ ఒక్కడే దిగాడు. డెబ్భై ఎనిమిదేళ్ళ మనిషి. బట్టతల, నల్లటి పెద్ద కళ్ళజోడు, మెడలో సిల్కు మఫ్లరు. వెనకసీటు ఖాళీ.

కృష్ణమోహన్ మొహం వాడిపోయింది. అది చూసి ఉష ఇంకా మండిపోయింది. భర్తని తోసుకుని ముందుకెళ్ళింది.

“మీ హీరోయిన్ ఏదండీ? చూపిస్తానని రాశారుగా!”

“ఆ రోజుల్లో కెమెరా ముందుకొచ్చే ఆడపిల్ల నాకెక్కడ దొరుకుతుందమ్మా?” అంటూ ముసలాయన కళ్ళజోడు తీసి, మఫ్లరు తల మీంచి ముసుగులా లాక్కుని ఓరగా చూసేసరికి, ఎడమ కంటి కింద అదే పుట్టుమచ్చ.