దేవుడికి పిచ్చి కుదిరింది

"ఇది బగ్ కాదమ్మాయ్, పిచ్చి," అన్నాడు గేతాన్ కుర్చీలోంచి లేవకుండానే.

మాయెల్ మళ్ళీ తెర వైపు వేలు చూపించింది. సింహాసనం మీద కూర్చున్న వీరుడు కిరీటాన్ని ఎడమ మోకాలికి తగిలించుకుని ఉన్నాడు. నిన్నటి దాకా ఆ వీరుడు బుద్ధిగా కత్తి తిప్పుకుంటూ, రాక్షసుల్ని చంపుకుంటూ వచ్చాడు. ఆట చివర్లో పిచ్చివాళ్ళ దీవి చేరి, అక్కడి ఖాళీ సింహాసనం ఎక్కగానే పిచ్చి దేవుడైపోయాడు. కథే అంత. ఎక్కిన దగ్గర్నుంచీ ఒక్క పనీ సవ్యంగా చేయడం లేదు.

"కిరీటం తల మీద ఉండాలి కదండీ," అంది మాయెల్. "బోడిగుండుకీ మోకాలికీ ముడిపెడుతున్నారు మీరు."

"నేను పెట్టలేదు తల్లీ. దేవుడు పెట్టాడు."

"ఇందాక గుర్రం ఎక్కమంటే, గుర్రమే ఆయన వీపెక్కి కూర్చుంది."

"అంటే గుర్రానికి పిచ్చి లేదన్నమాట. మంచిదేగా."

"తలుపు ఉండగా గోడలోంచి నడిచి వెళ్ళిపోయాడు."

"తలుపులు మనలాంటి తెలివైనవాళ్ళకి."

గేతాన్ ఆ వీడియో ఆటకి ప్రోగ్రామరు. కింద కారులో గేలాలూ, మంచుకి చిల్లి పెట్టే బరమా సిద్ధంగా ఉన్నాయి. గడ్డకట్టిన సరస్సు దగ్గర బావమరిది ఎదురుచూస్తున్నాడు. ఒక్క బగ్ ఒప్పుకున్నాడంటే శని, ఆదివారాలు రెండూ ఈ గదిలోనే తెల్లారతాయి. అందుకే పిచ్చి అనే మాట ఆయనకి ఇవాళ తేనెలా ఉంది.

మాయెల్ సంగతి వేరు. ఆటలో తప్పులు పట్టే టెస్టరుగా ఆమెని ఇంకా ఖాయం చేయలేదు. ఈ సాయంత్రానికి ప్రోగ్రామరు ఒప్పుకునే బగ్ ఒక్కటైనా పట్టుకోకపోతే సోమవారం రానక్కర్లేదని పై అధికారి ల్యూసియెన్ మేడమ్ చెప్పేసింది.

"మీకేం, చేపలు పట్టుకుంటారు. నాకు ఉద్యోగం పోతుంది."

"పోవాలని నాకు మాత్రం ఉందా? పిచ్చి కాని తప్పు ఒక్కటి చూపించు. తల వంచుకుని దిద్దుతాను."

"ఏం చేసినా పిచ్చే అంటే ఇంకేం చూపించను?"

ఆ మాటకి గేతాన్‌కి నిజంగానే జాలేసింది. కానీ జాలి కంటే సరస్సు దగ్గర్లో ఉంది.

"భోజనానికి పద," అన్నాడు లేస్తూ. "ఖాళీ కడుపుతో దేవుడితో పెట్టుకోకూడదు. ఇక్కడ కూర్చుని తింటే మేడమ్ ఊరుకోదు కూడాను." ఎవరో యంత్రం మీద కాఫీ ఒలకబోసిన నాటి నుంచి ఆ గదిలో తిండి మాటెత్తితే ఆమె ఉగ్రరూపం చూడాల్సిందే.

"నాకు ఆకలిగా లేదు, మీరు వెళ్ళండి," అంది మాయెల్ మొహం తిప్పుకుని.

గేతాన్ కడుపునిండా తిని, ఈల వేసుకుంటూ తిరిగొచ్చాడు. గుమ్మంలోనే బఠాణీ సూపు వాసన తగిలింది. కింది వంటగదిలో ఎవరో వేడి చేసుకుంటున్నారనుకున్నాడు. లోపలికి చూసేసరికి ఈల ఆగిపోయింది. మాయెల్ కుర్చీ వెనక ల్యూసియెన్ మేడమ్ చేతులు కట్టుకుని నిలబడి ఉంది.

తెర మీద పిచ్చి దేవుడు మోకాలి నుంచి కిరీటం తీశాడు. దుమ్ము దులిపి తల మీద పెట్టుకున్నాడు. సింహాసనం దిగి, మూట మోసుకుపోతున్న ముసలమ్మకి పక్కకి తప్పుకుని దారిచ్చాడు. తలుపు తీసుకుని బయటికి వెళ్ళి, వెనక్కి తిరిగి మరీ వేశాడు. గుర్రం మెడ నిమిరి, ఆపిల్ పండు తినిపించి, పద్ధతిగా ఎక్కి కూర్చున్నాడు.

గేతాన్ రెండంగల్లో తెర దగ్గరికి వచ్చాడు.

"మీ దేవుడికి ఏమైందండీ?" అని అడిగింది మాయెల్, ఎంతో మర్యాదగా.

"గేతాన్," అంది మేడమ్, "ఇది కూడా పిచ్చేనా?"

"కాదు మేడమ్."

"మరి?"

ఆయన కిటికీలోంచి కింద ఉన్న తన కారు వైపు ఒకసారి చూసుకున్నాడు. "బగ్."

"చిన్నదా, పెద్దదా?"

"పిచ్చి దేవుడు ఇంత బుద్ధిమంతుడైతే ఇక ఆటేముంది మేడమ్? ఇంతకంటే పెద్దది ఉండదు. వీరుడిగా ఉన్నప్పటి పాత బుద్ధులు ఎక్కడో చెరపకుండా మిగిలిపోయాయి."

"అయితే మాయెల్, నువ్వు సోమవారం రా. గేతాన్, మీరు మీ బావమరిదికి ఫోన్ చేయండి."

మాయెల్ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అది చూసి గేతాన్‌కి చేపలు పోయిన దిగులు సగం తగ్గింది. సగమే. బల్ల మీంచి కంట్రోలర్ అందుకున్నాడు. అది ఆయన చేతిలో పడగానే దేవుడు గుర్రం దిగి, దాన్ని వీపు మీదెక్కించుకుని, కిరీటం మోకాలికి తగిలించుకుని, గోడలో దూరిపోయాడు.

"మళ్ళీ మొదలు," అన్నాడు గేతాన్ తల పట్టుకుని. "ఇలా కాదు. ఆయనకి పిచ్చి ఎలా కుదిరిందో తెలిస్తేనే నేను దిద్దగలను. చెప్పు తల్లీ, నేను వచ్చే ముందు ఏ మీట నొక్కావు?"

మాయెల్ చెవులు ఎర్రబడ్డాయి. మేడమ్ వైపు చూసింది. కాలితో దేన్నో బల్ల కిందికి ఇంకాస్త లోపలికి తోసింది. చెంచా చప్పుడైంది.

"ఏదీ నొక్కలేదండీ," అంది. "కంట్రోలర్‌ని కాసేపు పక్కన పెట్టి సూపు తాగాను."