మూడు వారాల వాదన

"కత్తి తగిలితే ఒళ్లంతా పాకిపోద్దిరా. నా మాట ఇను," అన్నాడు సోమేశ్వరరావు, తమ్ముడు భీమశంకర్ భుజం మీద చెయ్యేసి.

హిందీ ఊళ్లో, కద్మా పేటలోని ఆ ఇంట్లో మూడు వారాలుగా ఇదే వాదన. పెద్దపేగులో గడ్డ క్యాన్సరేనని రిపోర్టు వచ్చిన రోజు నుంచి భీమశంకర్ కంపెనీకి సెలవు పెట్టి కూర్చున్నాడు. గడ్డం గీసుకోవడం లేదు. ముద్ద సరిగా దిగడం లేదు. జుగ్సలాయిలో దుకాణం ఉన్న అన్నగారు రోజూ వచ్చి ధైర్యం చెబుతున్నాడు.

"మరేటి సెయ్యమంటావన్నయ్యా?"

"చాయిబాసా ఊరి దగ్గర ఒకాయన మూలికల పొడి ఇత్తాడు. ఆర్నెల్లు వాడి సూద్దాం."

"డాక్టర్ నే సాఫ్ బోలా హై పెదనాన్నా, స్పష్టంగా చెప్పింది," అన్నాడు కొడుకు సుదీప్, ఫోన్లోంచి తలెత్తకుండానే. "ముందు ఆపరేషన్ చేసి ఆ ముక్క తీసేస్తారు. తర్వాత కీమో."

"కీమో అంటే మాటలా? వాంతులు, నీరసం. తట్టుకోవాలి కదా," అన్నాడు సోమేశ్వరరావు.

భీమశంకర్ కళ్లు తుడుచుకున్నాడు.

రాజ్యలక్ష్మి టీ గ్లాసులు తెచ్చి బల్ల మీద ఠక్కున పెట్టింది.

"ఆపరేషన్ తేదీ రెండుసార్లు వాయిదా వేయించారు బావగారూ. ఇక ఆలస్యం చెయ్యొద్దని డాక్టరమ్మ ఎంత చెప్పింది?"

"నువ్వు లోపలికెల్లమ్మా. మేం ఆలోసిత్తన్నాం కదా."

ఆమె మొగుడి వైపు చూసింది. అతను టీ అందుకున్నాడు. కొడుకు కూడా అందుకున్నాడు. చక్కెర తక్కువైందన్నాడు బావగారు.

రాజ్యలక్ష్మికి ఒళ్లు మండిపోయింది. మూడు వారాలుగా టీలు కాస్తూ, వచ్చిన చుట్టాలకి వండి పెడుతూ అన్నీ వింటోంది. వంటింట్లోకి వెళ్లలేదు. బీరువాలోంచి ఫైలు తీసి, చెప్పులేసుకుని, వీధి చివర ఆటో ఎక్కింది.

ఆసుపత్రిలో సర్జన్ నేహ ఆమె వెనక ఎవరైనా ఉన్నారేమోనని చూసింది.

"ఒక్కరే వచ్చారా? మీ ఆయన ఏరి?"

"ఇంట్లో ఉన్నారు. ఇంకా ఆలోచిస్తున్నారు."

"మూడు వారాలా?"

"నన్నొక్కసారి అడిగుంటే మొదటి రోజే సరే అనేదాన్ని డాక్టర్. ఒక్కరూ అడగలేదు."

నేహ ఫైలు తెరిచింది. తర్వాత అంతా మళ్లీ ఓపిగ్గా చెప్పింది. గడ్డ ఉన్న పేగు భాగం తీసి రెండు కొసలూ కలిపి కుడతారు. పక్కనున్న గ్రంథుల్ని పరీక్షకి పంపుతారు. అది చూశాకే కీమో సంగతి. గురువారం ఖాళీ ఉందంది.

"గురువారమే పెట్టండి."

నేహ అంగీకార పత్రం ముందుకు జరిపింది. ఇంతలో ఫోన్ మోగింది. భీమశంకర్.

"ఫైలు కనబడట్లేదు, ఆసుపత్రికెళ్లావా? అన్నయ్య కోప్పడతన్నాడు. మేం తేల్చకుండా నువ్వెలా సంతకం పెడతావు?"

"పెట్టొచ్చట. అడిగాను," అని ఫోన్ కట్టేసి, పెన్ను తీసుకుంది.

'రోగి పేరు' అన్నచోట అప్పటికే అచ్చయి ఉన్న తన పేరునే, కింద 'రోగి సంతకం' అన్నచోట రాజ్యలక్ష్మి రాసింది.