కత్తెర పడని తిట్లు

ఎడిటరుగారికి,

నా రాత కోడి కెలికినట్టుంటుంది, తప్పులుంటే మన్నించండి.

మీ నవ్వుల సినిమాలో, వాన సీను గుంపులో కనిపించే ముసలి జంట మేమే. రాసిచ్చిన మాటల్లేవు, నోటికొచ్చింది మాట్లాడమన్నారు. మా ఆవిడ కెమెరా సంగతి మరిచి నన్ను నిజంగానే దులిపేసింది.

"గొడుగు మరిచి నన్ను తెచ్చారే! నన్ను మరిచి గొడుగు తెచ్చినా సుఖపడేదాన్ని!"

హాల్లో ఆడిన సినిమాలో ఆ ముక్క కోసేశారు. తర్వాత కోతల్లేకుండా టీవీలోకి వచ్చిన పొడుగు సినిమాలో అంతా ఉంది.

"సాగుతోంది మామయ్యా, చిన్నదే పెట్టనా?" అన్నాడు ఇంట్లో మాతో అది చూస్తున్న అల్లుడు.

ఎవరికీ ఎదురు చెప్పని నేను, "సాగనీ బాబూ, నచ్చకపోతే లేచెళ్ళు" అన్నాను.

ఇప్పుడు ఆ పొడుగుది తీసేసి చిన్నదే ఉంచుతారట. ఒప్పుకోను. ఒక్క తిట్టూ తియ్యకండి.

పక్షవాతం వచ్చి ఆవిడకు మాట పడిపోయింది. నాతో తగువు పెట్టుకోవాలంటే రిమోటు అందుకుని ఆ సీను పెడుతుంది.

త్వరగా జవాబు రాయండి.