దూడ వాటా

ఆ వేళ కూడా సూరమ్మ చెంబు సగమే నిండింది.

పక్కన దూడ మూతినిండా నురగతో దర్జాగా నిలబడి ఉంది.

"మళ్లీ ఇప్పీసినాడు! ఈడి సేతులు పడిపోను!"

వాడి పేరు పరదేశి. రైల్వే క్వార్టర్ల పశువుల్ని మేపడానికి నెల కిందటే హిందీ మాట్లాడే ఆరంగ్ వైపు నుంచి వచ్చాడు. పుల్లల్లాంటి దొడ్డికాళ్లు. సూరమ్మ కొడుకు చిన్నారావు ఈడువాడంటే ఎవరూ నమ్మరు.

"ఏటిరా, నా దూడకి నానేటి తక్కువ సేసినాను? తవుడెడతన్నాను. దోమలకి పొగెడతన్నాను. పుండైతే ఏపనూనె రాత్తన్నాను."

"అంతా బాగా చూస్తావు, మాయీ. కానీ దూధ్ దానిది కదా."

"దానిదా! సొరాజ్జం మనుసులకొచ్చిందిరా, దూడలక్కాదు!"

పరదేశి నవ్వాడు. మర్నాడు మళ్లీ విప్పాడు.

లోకో ఫోర్‌మన్ బంగళాకి రోజూ రెండు శేర్ల పాలు పోవాలి. ఆయన కలం కదిలితేనే చిన్నారావు ఉద్యోగానికి ఇంజను ఎక్కేది. వారం రోజులు ఓపిక పట్టి, ఆ ఇంటి ఇల్లాలు గిన్నె తిప్పి పంపేసింది. ఇంజను ఎక్కేవాళ్ల జాబితాలో చిన్నారావు పేరు లేదు.

ఇక సూరమ్మకి పాలు అక్కర్లేదు. ఆ పరదేశి ఏడుస్తుంటే చూడాలి.

పక్కింటి బంగారమ్మ ఎగదోసింది. "నీ సేతికింద పశువు గానీ మనిసి గానీ ఎప్పుడు సిక్కిపోనారు, వదినా? మన సిన్నారావుకి పాలిచ్చిన బుధియాకి మూడుపూట్లా నెయ్యన్నం ఎట్టలేదా?"

"ఎట్టినాను. ఏడాదిపాటు దాన్ని ఈ గుమ్మం దిగనిచ్చినానా!"

తెల్లారగానే తల్లీకొడుకులు గడ్డిమేటు వెనక కాపు కాశారు. పరదేశి తాడు మీద చెయ్యి వేయగానే చిన్నారావు ఒక్క ఉదుటున పట్టేశాడు.

వాణ్ణి కట్టేశారు. అదే తాడు. అదే గుంజ. మే నెల ఎండ.

సూరమ్మ గ్లాసుడు పాలు తెచ్చి, వాడికి అందనంత దూరంలో పెట్టింది.

"సూత్తా కూకో. ఆకలంటే ఏటో తెలుత్తాది."

వాడు పాలవైపు చూడలేదు. చిన్నారావు భుజాలకేసి చూస్తూ కూర్చున్నాడు.

"ఏటలా సూత్తన్నావు?"

"బాగా పెరిగావు, భయ్యా."

చిన్నారావు వాడి చెంప పగలగొట్టాడు.

పొద్దు వాలాక విప్పారు. పరదేశి దూడ మెడ ఒకసారి నిమిరి, కాళ్లీడ్చుకుంటూ వెళ్లిపోయాడు. మర్నాడు పశువుల్ని తోలుకెళ్లడానికి రాలేదు.

ఎన్నాళ్లకో సూరమ్మ కడుపునిండా అన్నం తింది.

నెల తిరిగాక గుమ్మం ముందు ఒకామె నిలబడింది. తల ముగ్గుబుట్టయినా సూరమ్మ గుర్తుపట్టింది.

"బుధియా! రాయే, రా. మీ సిన్నబాబుని సూడు, ఎంతోడైనాడో!"

బుధియా చిన్నారావుని కళ్లారా చూసుకుంది. తర్వాత దొడ్డివైపు తొంగిచూసింది.

"నా కొడుకు మీ పశువులే మేపుతున్నాడని చెప్పారు, మాయీ. ఇంకా ఇంటికి రాలేదు."

సూరమ్మ గుంజవైపు చూసింది.

"నీ కొడుకెవులే?"

"పరదేశి. చిన్నబాబుకి పాలు తగ్గిపోతాయని నువ్వు ఈ గుమ్మం ఎక్కనివ్వలేదే, ఆ చంటోడు."