నాలుగో రూలు

గాజువాకలో ఇప్పుడు ప్రతి ఇంటికీ ఒక ఫైర్‌వాల్ పెట్టె ఉంది. ఫోనైనా, కబురైనా దాన్ని దాటే లోపలికి రావాలి. పైడితల్లి ఇంట్లోది మరీ పాతది. దానికి తెర లేదు, ఇంటివాళ్లు నోటితో చెప్పిందే వేదం. దాన్ని అదుపు చేసే కొత్త సాఫ్ట్‌వేర్ ఎక్కించడానికి కంపెనీ నుంచి జ్యోత్స్న వచ్చింది.

పైడితల్లి పప్పుకు పోపు వేస్తూ, పోయిన తమ్ముణ్ణి ఆడిపోసుకుంటోంది. "సింహాచలం పోయి ఏడాదైంది. అంతకుముందు పదేళ్లు ఒక్క ఫోనైనా సెయ్యనేదు. సిన్నోడు కదా, వాడే ముందు పలకరించాల!"

జ్యోత్స్న గోడకు బిగించిన కొత్త తెర వెలిగింది. పాత రూల్సు ఇంటివాళ్లకు చదివి వినిపించి, వాళ్లు సరేనన్నవే ఎక్కించాలి. జ్యోత్స్న మూడు చదివి, నాలుగో దగ్గర ఆగింది.

"ఏటమ్మా, ఆగిపోనావు?"

జ్యోత్స్న మీట నొక్కింది. పెట్టెలోంచి పైడితల్లి గొంతే కోపంగా పలికింది. "ఆ సింహాచలంగాడి ఫోను నా ఇంట్లోకి రాకూడదు!"

పదకొండేళ్ల కిందట, పొలంగట్టు గురించి తమ్ముడితో తగువైన రోజు అన్న మాట అది. ఆమె మర్నాటికే మరిచిపోయింది. పెట్టె మరిచిపోలేదు.

"ఎన్నిసార్లు సేసినాడు?"

"ఆరువందల పన్నెండు, మామ్మా. ఆఖరిది ఆసుపత్రి నుంచి."

పోపు మాడిపోతున్నా ఇద్దరూ కదల్లేదు.

అడగక తప్పదు గనుక జ్యోత్స్న అడిగింది. "ఈ రూలు ఉంచమంటారా, తీసేయమంటారా?"

"తీసెయ్యమ్మా."

పైడితల్లి చేతులు కొంగుకు తుడుచుకుని, పెట్టె ముందు పీట వాల్చుకుని కూర్చుంది. తెర మీద పచ్చదీపం వెలిగింది. సింహాచలం ఇంక ఎప్పుడైనా ఫోను చేసుకోవచ్చు.